"హోలీ గ్రెయిల్" అనే మాట ఎక్కడిది? ఆ గిన్నె బైబిల్లో ఉన్నదా?

(శ్రోతల ఉత్తరములకు జవాబుగా రేడియోలో ఇచ్చిన ప్రసంగము)

ఈ వారము ప్రసంగము మామూలు పద్ధతిలో ఉండదు. ఒక వాక్యభాగము చదివి దానిని వివరించుటకు బదులు ఒక మాటను గూర్చి మాట్లాడదలచాను. ఇందుకు కారణము ఒకే నెలలో మాకు అందిన రెండు ఉత్తరములు. వ్రాసినవారి పేర్లు, ఊర్లు చెప్పను.

మొదటిది పదవీ విరమణ చేసిన ఒక మాస్టారు గారు వ్రాసినది. వారి అల్లుడు విదేశములో బ్యాటరీలు తయారుచేసే పరిశోధనలో ఉన్నాడట. సెలవులకు ఇంటికి వచ్చినప్పుడు భోజనాల దగ్గర తన పనిని వివరిస్తూ, "అది మా రంగానికి హోలీ గ్రెయిల్ మామయ్యా" అన్నాడట. మాస్టారు గారికి కోపము వచ్చింది. ప్రభువు పట్టుకొన్న పాత్ర పేరు తెచ్చి బ్యాటరీకి పెట్టడమా అని గద్దించారట. అల్లుడు నొచ్చుకొన్నాడు. మిగిలిన సెలవులు ఇద్దరూ ముభావముగానే గడిపారు. "అయ్యగారూ, నేను గద్దించింది తప్పా? ఆ మాట అలా వాడవచ్చునా?" అని వారి ప్రశ్న.

రెండవది నర్సింగు చదువుతున్న ఒక అమ్మాయి ఉత్తరము. అది చదివి నేను కాసేపు మాట్లాడలేకపోయాను. చిన్నప్పుడు సండేస్కూల్లో ఆమెకు ఒక కథ చెప్పారట. ప్రభువు కడరాత్రి భోజనములో వాడిన గిన్నెను అరిమతయియ యోసేపు దాచుకొన్నాడనీ, సిలువ దగ్గర ఆయన రక్తమును ఆ గిన్నెలో పట్టాడనీ విన్నది. హాస్టల్లో ఒక స్నేహితురాలు దానిని అవహేళన చేస్తే, ఈమె పట్టుదలతో నాలుగు సువార్తలూ చదివింది. ఎక్కడా దొరకలేదు. "ఇది లేనప్పుడు మీరు చెప్పిన మిగతావి ఉన్నాయని నేను ఎలా నమ్మాలి?" అని అడిగింది. ఉత్తరము క్రింద సంతకము తప్ప ఇంకేమీ లేదు. వందనములు కూడా వ్రాయలేదు.

ముందు ఈ అమ్మాయి ప్రశ్నకే వద్దాము. అమ్మా, నీవు సరిగానే చదివావు. అది బైబిల్లో లేదు.

బైబిల్లో ఉన్నదేమిటో చూడండి. మత్తయి 26, మార్కు 14, లూకా 22, మొదటి కొరింథీయులకు 11. ఈ నాలుగు చోట్ల ఆ రాత్రి ప్రభువు గిన్నె పట్టుకొని కృతజ్ఞతలు చెల్లించి శిష్యులకు ఇచ్చిన సంగతి ఉన్నది. లూకా అయితే గిన్నెను రెండు పర్యాయములు ప్రస్తావించాడు. అయితే అది మట్టిదో, రాతిదో, గాజుదో, వెండిదో ఎవరూ వ్రాయలేదు. భోజనము తర్వాత ఏమైనదో కూడా వ్రాయలేదు. ఆ మేడగది వేరొకరి ఇల్లు. ఇంటి యజమానుని అడిగి సిద్ధపరచిన గది. కాబట్టి పాత్రలు కూడా ఆ ఇంటివే అయి ఉండవచ్చును. తెల్లవారాక ఆ ఇంటి ఆడవారు వాటిని కడిగి బోర్లించి ఉంటారని నేను అనుకొంటాను. ఇది నా ఊహ మాత్రమే, వాక్యము కాదు.

ఇక అరిమతయియ యోసేపు. నాలుగు సువార్తలలోనూ ఆయన ఉన్నాడు. ధనవంతుడు, ఆలోచన సభలో సభ్యుడు, పిలాతు దగ్గరకు వెళ్లి ప్రభువు దేహమును అడిగినవాడు, నారబట్టతో చుట్టి రాతిలో తొలిచిన సమాధిలో ఉంచినవాడు. యోహాను సువార్తలో నీకొదేము సుగంధద్రవ్యములతో ఆయనకు తోడుగా వచ్చాడు. సైనికుడు ఈటెతో పొడిచినప్పుడు రక్తము, నీళ్లు వచ్చిన సంగతి కూడా యోహానే వ్రాశాడు. దానిని ఎవరైనా గిన్నెలో పట్టినట్టు ఎక్కడా లేదు.

ఇక్కడ నేను ఒక సంగతి ఒప్పుకోవాలి. చాలా ఏళ్ల క్రితము ఒక గుడ్ ఫ్రైడే ఆరాధనలో "ఏడు మాటలు" ప్రసంగములలో నాకు ఆఖరి మాట ఇచ్చారు. సమయము ఉన్నది కదా అని యోసేపు కథకు ఈ గిన్నె సంగతి తగిలించి చెప్పాను. ఏ ఇంగ్లీషు పుస్తకములోనో చదివినది. జనము చాలా శ్రద్ధగా విన్నారు, ఒకరిద్దరు కన్నీళ్లు పెట్టుకొన్నారు కూడా. ఆరాధన అయిన తర్వాత ఇంటర్మీడియట్ చదివే ఒక అబ్బాయి బైబిలు తెరచుకొని వచ్చాడు. "అయ్యగారూ, అది ఎన్నో వచనమండీ? గుర్తు పెట్టుకొందామని" అన్నాడు. నేను "ఇంటికి వెళ్లి చూసి చెబుతాను బాబూ" అన్నాను. చూశాను గాని చెప్పలేదు. అతడు మరి అడగలేదు. ఆ తరువాత అతడు మా గుడికి వచ్చుట తగ్గిపోయింది. దానికి ఇదే కారణమని చెప్పలేను గాని, ఇది కారణము కాదని కూడా చెప్పలేను. అందుకే ఈ అమ్మాయి ఉత్తరము నన్ను పొడిచింది.

మరి బైబిల్లో లేని ఈ గిన్నె ఎక్కడనుండి వచ్చింది? ఇది చాలా ఆసక్తికరమైన సంగతి, కొంచెము నెమ్మదిగా చెబుతాను.

"గ్రెయిల్" అనే ఇంగ్లీషు మాట పాత ఫ్రెంచి భాషలోని "గ్రాల్" అనే మాటనుండి వచ్చింది. దాని వెనుక "గ్రదాలిస్" అనే మధ్యయుగపు లాటిను మాట ఉన్నది. దాని అర్థము గిన్నె కాదు, పళ్లెము. 13వ శతాబ్దము తొలి సంవత్సరములలో ఫ్రాన్సులో హెలినాండ్ అనే సన్యాసి తన చరిత్ర గ్రంథములో దీనిని వివరించాడు. వెడల్పుగా, కొంచెము లోతుగా ఉండే పళ్లెమనీ, ధనవంతుల ఇళ్లలో ఖరీదైన వంటకములను రసముతో సహా అందులో ఉంచి, ఒక్కొక్క ముక్కగా వడ్డించేవారనీ చెప్పాడు. మన పెళ్లిళ్లలో కూరలు తెచ్చే బేసిను అనుకోండి. కాకపోతే వెండిదో బంగారుదో. అంటే ఈ మాట పుట్టినప్పుడు దానిలో పరిశుద్ధత ఏమీ లేదు. వంటింటి మాట, వడ్డన మాట.

దానిని కథలోనికి తెచ్చినవాడు క్రెత్యాన్ ద త్రువా అనే ఫ్రెంచి కవి. సుమారు 1180, 1190 మధ్య ఫ్లాండర్సు ప్రభువైన ఫిలిప్పు కోరగా "పెర్సెవల్, లేక గ్రాల్ కథ" అనే కావ్యము మొదలుపెట్టాడు. తొమ్మిది వేల పాదములకు పైగా వ్రాసి, పూర్తిచేయకుండానే ఆపివేశాడు. కథ ఇది. పెర్సెవల్ అడవిలో తల్లి పెంపకములో పెరిగిన అమాయకుడు. వీరుడు కావాలని బయలుదేరాడు. వంతెన దగ్గర తల్లి కూలిపోవుట వెనుదిరిగి చూచి కూడా ఆగక గుఱ్ఱమును అదిలించి వెళ్లిపోయాడు. తర్వాత ఒక పెద్దాయన అతనికి యుద్ధవిద్య నేర్పి, ఎక్కువ మాట్లాడవద్దు నాయనా, అది మర్యాద కాదు అని బుద్ధి చెప్పాడు.

కొంతకాలానికి అతడు ఒక కోటలో బస చేశాడు. ఆ కోట యజమానుడు గాయము వలన నడవలేనివాడు. గుఱ్ఱమెక్కలేడు గనుక పడవలో కూర్చుని చేపలు పట్టించుకొనేవాడు. అందుకే జాలరి రాజు అని పేరు. భోజన సమయములో ఒక వింత ఊరేగింపు నడిచింది. మొనలోనుండి రక్తపు బొట్టు కారుచున్న ఈటెతో ఒకడు, దీపస్తంభములతో ఇద్దరు, వారి వెనుక ఒక కన్యక రత్నములు పొదిగిన బంగారు "గ్రాల్" పట్టుకొని వెళ్లారు. అది వచ్చేసరికి కొవ్వొత్తుల వెలుగు వెలవెలబోయింది. పెర్సెవల్‌కు అడగాలని ఉన్నది. దీనిలో వడ్డన ఎవరికి? పెద్దాయన చెప్పిన మర్యాద గుర్తొచ్చి నోరు మూసుకొన్నాడు. తెల్లవారేసరికి కోటలో ఎవరూ లేరు.

తర్వాత అతనికి తెలిసింది. ఆ ఒక్క ప్రశ్న అడిగి ఉంటే రాజు గాయము మానిపోయేది! మర్యాద కోసము మాట్లాడకపోవుట వలన ఒక మనిషి బాధలోనే మిగిలిపోయాడు. అయిదేళ్లు తిరిగి, దేవుని మరచి, చివరకు ఒక శుభ శుక్రవారమున కాలినడకన వెళ్లుచున్న కొందరు భక్తులు ఎదురై ఇది ఏ దినమో ఎరుగవా అని అడిగితే సిగ్గుపడి, అడవిలో ఉన్న ఒక సన్యాసి దగ్గరకు వెళ్లాడు. ఆ సన్యాసి రహస్యము విప్పాడు. ఆ పళ్లెములో పెద్ద పెద్ద చేపలు ఉన్నవనుకోవద్దు, ఒకే ఒక్క సంస్కారపు రొట్టె ఉన్నది, లోపలి గదిలో ఉన్న రాజుగారి తండ్రి ఏళ్ల తరబడి దానితోనే బ్రదుకుచున్నాడు అని చెప్పాడు. తల్లిని అలా వదలి వచ్చిన పాపమే ఆనాడు నీ నాలుకను కట్టివేసింది అని కూడా అన్నాడు.

గమనించండి. ఈ మొదటి కథలో కడరాత్రి భోజనము లేదు, అరిమతయియ యోసేపు లేడు, గిన్నె కూడా లేదు. "ఒక గ్రాల్" అని మాత్రమే కవి వ్రాశాడు, ఒక పళ్లెము అన్నట్లుగా. కథ మధ్యలో ఆగిపోయేసరికి వినేవారికి తహతహ పెరిగిపోయింది. తర్వాత నలుగురు కవులు ఒకరి తర్వాత ఒకరు దానిని పొడిగించారు.

సుమారు 1200లో రొబేర్ ద బొరాన్ అనే మరొక ఫ్రెంచి కవి అసలు మార్పు చేశాడు. ఆ పళ్లెమును ప్రభువు కడరాత్రి భోజనపు పాత్రగా మార్చినవాడు ఇతడే. పిలాతు దానిని యోసేపుకు ఇచ్చాడనీ, యోసేపు దేహమును కడుగునప్పుడు గాయములనుండి కారిన రక్తమును దానిలో పట్టాడనీ, తర్వాత చెరసాలలో వేయబడితే ప్రభువే ఆ పాత్రతో ప్రత్యక్షమై ఓదార్చాడనీ వ్రాశాడు. యోసేపు చెరసాల సంగతి "నీకొదేము సువార్త" అనే పాత అపోక్రిఫ గ్రంథములో ఉన్నది. పాత్ర మాత్రము ఈ కవి కలిపినదే. చూచినవారందరికీ నచ్చుతుంది గనుక దానికి ఆ పేరు వచ్చిందని కూడా చెప్పాడు, ఫ్రెంచిలో "నచ్చుట" అనే మాట "గ్రాల్"కు దగ్గరగా ధ్వనిస్తుంది కదా! మన ఊర్ల పేర్లకు పెద్దలు చెప్పే కథల వంటిదే ఇది.

కాబట్టి నేను ఆ గుడ్ ఫ్రైడే నాడు చెప్పినది లూకా వ్రాసినది కాదు, యోహాను వ్రాసినది కాదు. పన్నెండు వందల ఏళ్ల తర్వాత ఒక కవి వ్రాసినది.

జర్మనీలో వోల్ఫ్రామ్ ఫొన్ ఎషెన్‌బాఖ్ అయితే దానిని గిన్నె అనలేదు, పళ్లెమూ అనలేదు. ఒక రాయి అన్నాడు! ప్రతి శుభ శుక్రవారము ఒక పావురము పరలోకమునుండి రొట్టె తెచ్చి ఆ రాతి మీద ఉంచుతుందట. తర్వాత సుమారు 1225 ప్రాంతములో ఫ్రెంచి గద్యములో వచ్చిన "పరిశుద్ధ గ్రాల్ అన్వేషణ"లో ఆర్థరు రాజు వీరులందరూ దానిని వెదకుటకు బయలుదేరతారు. పవిత్రుడైన గలహాదుకే దాని దర్శనము సంపూర్ణముగా దొరుకుతుంది. ఇంగ్లీషులో థామస్ మలొరీ దానిని తిరిగి చెప్పాడు, కాక్స్టన్ 1485లో అచ్చువేశాడు. ఈనాటి ఇంగ్లీషు మాట వెనుక ఉన్నది ఈ "అన్వేషణ". అది గుర్తుంచుకోండి, మాస్టారు గారి ప్రశ్నకు పనికివస్తుంది.

ఈ కథలన్నీ దాదాపు యాభై సంవత్సరముల లోపల పుట్టుకొచ్చాయి. ఎందుకు ఆ కాలములోనే? అది సిలువ యుద్ధముల కాలము, యెరూషలేమునుండి తెచ్చినవంటూ పరిశుద్ధ వస్తువులు యూరోపు నిండా వచ్చిపడుచున్న కాలము. రొట్టె ద్రాక్షారసముల విషయమై పెద్ద చర్చలు జరిగి, 1215లో రోములో జరిగిన నాల్గవ లాటరన్ మహాసభ ఆ సిద్ధాంతమును స్థిరపరచింది. అదే కాలములో సామాన్య విశ్వాసులకు గిన్నె ఇచ్చుట క్రమేణ తగ్గిపోయి, రొట్టె మాత్రమే మిగిలింది. చేతికి అందని గిన్నె మీద మనస్సు పోవుట వింత కాదు. ఇది నా అభిప్రాయము, పండితులలో వేరే అభిప్రాయములు కూడా ఉన్నవి. ఆనాటి సంఘము మాత్రము ఈ గ్రెయిల్ కథను ఏనాడూ తన బోధలో చేర్చుకోలేదు. కాబట్టి, అమ్మా, సంఘము దాచిపెట్టినదని నీ స్నేహితురాలు అంటే, దాచుటకు సంఘము దగ్గర అది ఎన్నడూ లేదు అని చెప్పు.

కథ పుట్టిన తర్వాత పాత్రలు పుట్టకుండా ఉంటాయా? ఇటలీలోని జెనోవా పట్టణ ప్రజలు 1101లో సిలువ యుద్ధములో కైసరయ పట్టణమునుండి ఆరు పలకల పచ్చని పాత్ర ఒకటి తెచ్చుకొన్నారు. ఒకే మరకతమునుండి చెక్కినదని నమ్మారు. తరువాతి కాలములో అదే ప్రభువు భోజనపు పాత్ర అన్నారు. ఏడు వందల ఏళ్లు దానిని కంటికి రెప్పలా కాపాడుకొన్నారు. 1806లో నెపోలియను మనుష్యులు దానిని పారిసుకు పట్టుకుపోయారు. 1816లో తిరిగి వచ్చినప్పుడు అది ముక్కలై వచ్చింది. మరకతము కాదు, పచ్చ గాజు! కొండను త్రవ్వి ఎలుకను పట్టినట్లయింది. అయినా ఆ ముక్కలను అతికించి నేటికీ అక్కడి కేథడ్రల్ మ్యూజియములో ఉంచారు. ఆ పట్టణపు వారిని చూచి నవ్వుటకు నాకు మనసు రాదు. తరతరాలుగా నమ్మినది గాజని తెలిసిన దినమున ఆ ఇళ్లలో ఏమి మాట్లాడుకొన్నారో!

స్పెయినులోని వాలెన్సియా కేథడ్రల్‌లో సులేమాని రాతితో చేసిన పాత్ర ఒకటి 1437 నుండి ఉన్నది. పై గిన్నె చాలా పురాతనమైనది, బంగారు పిడులు, పీఠము మధ్యయుగములో చేర్చినవి. 1982లో పోపు రెండవ జాన్ పాల్, 2006 జూలైలో పోపు పదహారవ బెనెడిక్టు అక్కడ ఆ పాత్రతో పూజ చేశారు. ఆ దేశములోనే లెయోన్ పట్టణములో ఉన్న మరొక పాత్రే అసలైనదని 2014లో ఇద్దరు పరిశోధకులు పుస్తకము వ్రాస్తే, జనము విరగబడి రావడముతో మ్యూజియమువారు దానిని కొంతకాలము లోపల పెట్టవలసి వచ్చింది. అంతియొకయ దగ్గర దొరికిందన్న వెండి పాత్ర న్యూయార్కు మ్యూజియములో ఉన్నది. దానిని కూడా ఒకప్పుడు అదే అన్నారు. ఇప్పుడు అది ఆరవ శతాబ్దపు దీపమై ఉండవచ్చునని అంటున్నారు. ఈ గ్రెయిల్ కథలకు చాలా ముందే, ఏడవ శతాబ్దములో, అర్కుల్ఫ్ అనే యాత్రికుడు యెరూషలేములో రెండు పిడుల వెండి గిన్నె చూపించి అదే ప్రభువు గిన్నె అన్నారని చెప్పాడు. ఒకటి గాజు, రెండు రాయి, రెండు వెండి.

ఇక మీలో చాలామందికి ఈ మాట తెలిసినది సినిమా ద్వారానే. 15వ శతాబ్దములోనే ఇంగ్లండులో "శాన్ గ్రియల్" అనే మాటను వేరుగా విరిచి "సాంగ్ రియల్" అని చదివినవారు ఉన్నారు. మొదటిదానికి పరిశుద్ధ గ్రాల్ అని అర్థము, రెండవదానికి రాజరక్తము అని అర్థము. ఒక్క అక్షరము ఇటునుండి అటు జరిగింది. ఈ అక్షరపు ఆటను పట్టుకొని 1982లో ముగ్గురు రచయితలు గ్రెయిల్ అంటే గిన్నె కాదు, ప్రభువు వంశము అని ఇంగ్లీషులో పుస్తకము వ్రాశారు. 2003లో డాన్ బ్రౌన్ "ది డావిన్సీ కోడ్" నవలలో ఆ ఊహనే వాడుకొన్నాడు. దానిలో వేయి ఏళ్ల రహస్య సంఘముగా చూపించిన సంస్థ నిజానికి ఫ్రాన్సులో 1956లో రిజిస్టరు అయినది. మన పంచాయతీ ఆఫీసులలో అంతకంటె పాత సంఘముల దస్తావేజులు దొరుకుతాయి.

2006లో సినిమా వచ్చినప్పుడు అప్పటి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము దానిని నిషేధించింది, అదే జూన్ నెలలో హైకోర్టు ఆ నిషేధమును కొట్టివేసింది. ఆ రోజులలో మన సంఘములలో ఎంత వేడి ఉన్నదో చాలామందికి గుర్తుండవచ్చు. నేను అప్పుడు నిషేధమే కోరినవాడను. ఇప్పుడు ఆలోచిస్తే, మన యౌవనస్థులను కూర్చోబెట్టి ఈ మాట చరిత్ర ఒక గంట చెప్పి ఉంటే బాగుండేది అనిపిస్తుంది. ఒక శబ్దమును విరిచి కట్టిన కథ, ఆ శబ్దము ఎక్కడిదో తెలిస్తే తనంతట తానే కూలిపోతుంది. కాని మనలో ఎందరికి తెలుసు అప్పుడు? నాకు తెలియదు.

మాస్టారు గారూ, ఇప్పుడు మీ బ్యాటరీ సంగతి.

నేటి ఇంగ్లీషులో "హోలీ గ్రెయిల్" అంటే చాలామంది చాలాకాలముగా వెదకుచున్నది, దొరికితే ఆ రంగమునే మార్చివేయగలది, ఇంకా చేతికి చిక్కనిది అని అర్థము. 1980లలో వాల్టర్ గిల్బర్ట్ అనే నోబెల్ బహుమతి గ్రహీత మానవ జన్యువుల పూర్తి క్రమమును ఆ శాస్త్రమునకు గ్రెయిల్ అన్నాడు. 2022 డిసెంబరులో కాలిఫోర్నియాలోని ఒక ప్రయోగశాల, సూర్యునిలో జరిగే అణు సంలీన చర్యను లేజరు కిరణములతో జరిపింది. 2.05 మెగాజౌళ్ల లేజరు శక్తికి 3.15 మెగాజౌళ్లు తిరిగి వచ్చినవి. పత్రికలు ఇదే మాట వాడినవి. ఆ లేజరులను నడుపుటకు దాదాపు 300 మెగాజౌళ్ల కరెంటు ఖర్చయినది గనుక, ఇంకా చేతికి చిక్కనిది అన్న అర్థము అక్కడ సరిపోయింది. 2023లో దక్షిణ కొరియా శాస్త్రజ్ఞులు మామూలు వేడిలో నిరోధము లేకుండా కరెంటు పారే పదార్థము దొరికిందన్నప్పుడు కూడా అదే మాట. కొద్ది వారములలోనే ఇతర ప్రయోగశాలలు అది కాదని తేల్చినవి.

ఈ మాట వాడుటలో ఒక మెళకువ ఉన్నది. దొరికినదానికి వాడితే బలము పోతుంది. మంచిది, ఖరీదైనది అన్నంత మాత్రాన చాలదు, అనేకులు వెదకి అలసిపోయి ఉండాలి. ఈ మధ్య ఆడపిల్లలు ముఖానికి రాసుకొనే క్రీములను గూర్చి మాట్లాడుతూ "ఇది నా హోలీ గ్రెయిల్" అంటున్నారట, అంటే ఎన్నో వాడి చూచి చివరకు కుదిరినది అని. మా మనుమరాలు చెప్పింది. గలహాదు వింటే ఏమనేవాడో!

తెలుగులో దీనికి సరియైన మాట ఉన్నదా? నేను చాలా వెదికాను. కొందరు "పవిత్ర పాత్ర" అని అనువదిస్తారు, అప్పుడు వాక్యము హాస్యాస్పదమవుతుంది, ఏ పాత్రో ఎవరికీ అర్థము కాదు. "గగన కుసుమము" అంటే అసలు లేనిదని తేల్చివేసినట్లు. "ఎండమావి" అంటే మోసమని. "సంజీవని" అంటే దొరికి పనిచేసే మందు. "భగీరథ ప్రయత్నము" శ్రమను చెబుతుంది గాని శ్రమ ఎందుకోసమో చెప్పదు. "అందని మావి" అంటే వెదకేవాని ఆశ తగ్గిపోయినట్లుంటుంది. ఉన్నదనే నమ్మకము, దొరకలేదనే బాధ, వెదకుట మానని పట్టుదల, ఈ మూడూ ఒకే మాటలో మనకు కుదరలేదు. పత్రికలవారు ఎక్కువగా "చిరకాల స్వప్నము" అంటారు. దానితో సరిపెట్టుకోవచ్చును.

మరి మీ అల్లుడు అన్నది దూషణయా? కాదండి. అతడు ప్రభువు గిన్నెను అనలేదు. ప్రభువు గిన్నెకు బైబిల్లో ఆ పేరే లేదు. అతడు అన్నది ఫ్రెంచి కవుల పళ్లెమును గూర్చి, వీరులు వెదకిన కథను గూర్చి. అది మొదటినుండీ కథలోని మాటే. దావీదు గొలియాతుల పేర్లు ఎన్నికల వార్తలలో రోజూ చదువుచున్నాము, అవి నిజముగా బైబిలులోనివి, వాటికి మనము కోపపడలేదు. అయితే మీ మనస్సు నొచ్చుకొన్నది ప్రభువు మీది ప్రేమ చేతనే గనుక మిమ్మును నేను తప్పుపట్టను. మీ ఉత్తరములో ఒక వాక్యము నాకు నచ్చింది. ఆ బ్యాటరీ ఏమిటో, అది ఎందుకు అంత కష్టమో అతణ్ణి అడగనే లేదని వ్రాశారు. ఫోను చేసి అడగండి.

అమ్మా, చివరిగా నీకు. సండేస్కూల్లో నీకు ఆ కథ చెప్పిన టీచరు గారు అబద్ధమాడాలని చెప్పి ఉండరు. వారికి కూడా ఎవరో చెప్పి ఉంటారు, నా వంటివారే. నీవు అడిగిన ప్రశ్నకు నేను ఇవ్వగలిగిన జవాబు ఇది: దీనిని ఏ విధముగా పరీక్షించావో మిగతావాటిని కూడా ఆ విధముగానే పరీక్షించు. మేము చెప్పినందుకు నమ్మవద్దు. తూర్పు దేశపు జ్ఞానులు ముగ్గురని చెప్పి ఉంటారు, మత్తయి రెండవ అధ్యాయము తీసి లెక్కపెట్టు. కానుకలు మూడు అని ఉన్నది, మనుష్యుల లెక్క లేదు. ఏదెను తోటలోని పండు ఆపిలు అని చెప్పి ఉంటారు, ఆదికాండము మూడవ అధ్యాయము చూడు. దొరకనివాటి జాబితా ఒకటి, దొరికినవాటి జాబితా ఒకటి వ్రాసుకో. రెండూ మాకు పంపిస్తే నేను ఒక్కొక్కటి చదివి జవాబు వ్రాస్తాను. ఈసారి, ఇంటికి వెళ్లి చూసి చెబుతాను అని ఊరకుండను.

సమయము అయిపోయినది. వచ్చే వారము మరొక శ్రోత అడిగిన ప్రశ్న, యూదాకు ఇచ్చిన ముప్పది వెండి నాణెములు ఎంత విలువ చేసేవి అన్నదానిని చూద్దాము. జెకర్యా 11వ అధ్యాయము, మత్తయి 27వ అధ్యాయము ముందుగా చదివి ఉంచుకోండి.